లినక్స్ కేవీఎం మీద ఓపీఎన్‌సెన్స్ ఫైర్‌వాల్: వైరింగ్ నుంచి చివరి పరీక్ష దాకా

ఫైర్‌వాల్‌ను విడి పెట్టెగా కొన్నప్పుడు దాని కాపలా కంటికి కనిపిస్తుంది. ఇంటర్నెట్ కేబుల్ ఒక పోర్టులోకి వెళ్తుంది, లోపలి నెట్‌వర్క్ కేబుల్ మరో పోర్టు నుంచి బయటికి వస్తుంది, ఆ రెంటి మధ్య ఆ పెట్టె తప్ప ఇంకేమీ ఉండదు. అదే ఫైర్‌వాల్‌ను ఒక లినక్స్ హోస్ట్ (అసలు కంప్యూటర్) మీద వర్చువల్ మెషిన్‌గా (గెస్ట్, అంటే సాఫ్ట్‌వేర్‌తో చేసిన కంప్యూటర్) నడిపితే రెండు కేబుళ్లూ ముందుగా హోస్ట్‌కే చేరతాయి. లోపలి గెస్ట్ ఎంత గట్టిదైనా, ఇంటర్నెట్ నుంచి వచ్చే ప్యాకెట్‌ను (డేటా ముక్కను) హోస్ట్ తనకు వచ్చినదిగా తీసుకుంటే ఆ కాపలాకు అర్థం ఉండదు. అందుకే ఈ పనిలో ఇన్‌స్టలేషన్ అరగంట వ్యవహారం. అసలు శ్రద్ధ పెట్టవలసింది వైరింగ్ మీద, అంటే బయటి కేబుల్ గెస్ట్‌కు తప్ప మరెవరికీ అందకుండా చూడటం మీద. ఈ మార్గదర్శిలో ఎక్కువ స్థలం దానికే కేటాయించాను.

ఇక్కడ హోస్ట్‌గా డెబియన్ 12ను, హైపర్‌వైజర్‌గా, అంటే వర్చువల్ మెషిన్‌లను నడిపే పొరగా, కేవీఎంను, దాన్ని నిర్వహించడానికి లిబ్‌విర్ట్‌ను, ఫైర్‌వాల్‌గా ఓపీఎన్‌సెన్స్‌ను తీసుకుంటున్నాను. కేవీఎం 2007లో 2.6.20 వెర్షన్‌తో లినక్స్ కెర్నల్‌లో, అంటే లినక్స్ మూలభాగంలో, చేరింది కాబట్టి దానికి వేరే హైపర్‌వైజర్ ఉత్పత్తి కొనవలసిన పని లేదు. ఓపీఎన్‌సెన్స్ పీఎఫ్‌సెన్స్ అనే మరో ఫైర్‌వాల్ నుంచి విడివడి, 2015లో మొదటి వెర్షన్ విడుదల చేసిన ఓపెన్ సోర్స్ ప్రాజెక్టు; ఫ్రీబీఎస్‌డీ మీద నడుస్తుంది, ప్యాకెట్ల వడపోతకు ఓపెన్‌బీఎస్‌డీలో పుట్టిన పీఎఫ్‌ను వాడుతుంది, వర్చువల్ మెషిన్‌ల కోసం చేసిన వర్ట్‌ఐఓ డ్రైవర్లు అందులో ముందే ఉంటాయి. పీఎఫ్‌సెన్స్ వాడదలచినవారికి కూడా కింద చెప్పిన హోస్ట్ పని అంతా యథాతథంగా వర్తిస్తుంది. కమాండ్లు, ఫైళ్ల పేర్లు పలికే తీరులో రాశాను. టెర్మినల్‌లో వాటిని మామూలుగా ఇంగ్లిష్ అక్షరాల్లోనే టైప్ చేయాలి.

ముందుగా చూసుకోవలసిన హార్డ్‌వేర్

ప్రాసెసర్‌లో వర్చువలైజేషన్ సౌకర్యం ఉండాలి. ప్రాక్ డైరెక్టరీలోని సీపీయూఇన్ఫో ఫైలు తెరిచి చూస్తే ఇంటెల్ అయితే వీఎంఎక్స్, ఏఎండీ అయితే ఎస్‌వీఎం అనే ఫ్లాగ్ కనిపిస్తుంది. కనిపించకపోతే ప్రాసెసర్‌ను అనుమానించే ముందు బయాస్‌లో (కంప్యూటర్ మొదలయ్యేటప్పుడు తెరిచే మూల అమరికల్లో) అది ఆపేసి ఉందేమో చూడండి. చాలా కంప్యూటర్లలో కారణం అదే. మెమరీ విషయంలో ఓపీఎన్‌సెన్స్ కనీసం 2 జీబీ అడుగుతుంది, కానీ గెస్ట్‌కు 4 జీబీ ఇస్తేనే అదనపు సేవలకు చోటు మిగులుతుంది. హోస్ట్‌లో మొత్తం 8 జీబీ ఉంటే చిన్న కార్యాలయానికి గానీ ఇంటికి గానీ సరిపోతుంది.

ముఖ్యమైనది రెండు వైర్డ్ నెట్‌వర్క్ పోర్టులు ఉండటం. ఒకటి బయటికి, అంటే వాన్‌కు; రెండోది లోపలికి, అంటే లాన్‌కు. ల్యాప్‌టాప్‌లోని వైఫైని రెండో పోర్టుగా వాడదామనుకుంటే కుదరదు. యాక్సెస్ పాయింట్‌కు క్లయింట్‌గా కలిసిన వైఫై కార్డు తన సొంత మ్యాక్ అడ్రస్‌తో (కార్డు గుర్తింపు సంఖ్యతో) మాత్రమే ఫ్రేములు (డేటా కట్టలు) పంపగలదు. దాని వెనుక ఉన్న గెస్ట్ మ్యాక్ అడ్రస్‌ను యాక్సెస్ పాయింట్ ఒప్పుకోదు కాబట్టి దాన్ని బ్రిడ్జ్‌లో (సాఫ్ట్‌వేర్ స్విచ్‌లో) కలపలేము. యూఎస్‌బీ నెట్‌వర్క్ అడాప్టర్‌తో పని జరుగుతుంది గానీ, రోజంతా నడిచే వాన్ పోర్టుకు దాన్ని నేను సిఫార్సు చేయను. పాత డెస్క్‌టాప్ అయినా సరే, ఒక పీసీఐఈ కార్డు వేసుకోవడం మేలు.

గెస్ట్‌కు పోర్టును ఎలా అందించాలి

మూడు దారులున్నాయి. మొదటిది పీసీఐ పాస్‌త్రూ: నెట్‌వర్క్ కార్డును పూర్తిగా గెస్ట్‌కు అప్పగిస్తాము, హోస్ట్ కెర్నల్ ఆ కార్డును ముట్టుకోదు. భద్రత దృష్టితో చూస్తే ఇది అన్నిటికంటే శుభ్రమైన దారి. దీనికి ఇంటెల్ వీటీ-డీ లేదా ఏఎండీ-వీఐ ఉండాలి, బయాస్‌లోనూ కెర్నల్‌లోనూ ఐఓఎంఎంయూ (పరికరాల మెమరీ వాడకాన్ని విడదీసే సౌకర్యం) ఆన్ కావాలి, ఆ కార్డు ఉన్న ఐఓఎంఎంయూ గ్రూపులో హోస్ట్‌కు అవసరమైన మరో పరికరం ఉండకూడదు. చవక మదర్‌బోర్డుల్లో ఈ చివరి షరతు దగ్గరే పని ఆగిపోతుంది. పైగా గెస్ట్‌ను నడుస్తుండగానే మరో హోస్ట్‌కు తరలించే వీలు పోతుంది.

రెండోది మ్యాక్‌వీట్యాప్, అంటే గెస్ట్‌ను నేరుగా కార్డుకు తగిలించే కెర్నల్ సౌకర్యం. అమర్చడం తేలిక, కానీ ఒకే కార్డు మీద ఉన్న హోస్ట్, గెస్ట్ ఒకదానితో ఒకటి మాట్లాడుకోలేవు. హోస్ట్ తన ఇంటర్నెట్‌ను ఈ గెస్ట్ ద్వారానే పొందాలి కాబట్టి లాన్ వైపు ఇది పనికిరాదు.

మూడోది లినక్స్ బ్రిడ్జ్. ఏ హార్డ్‌వేర్ మీదైనా నడుస్తుంది, ఏం జరుగుతోందో ప్యాకెట్లను చూపే టీసీపీడంప్‌తో చూడవచ్చు, తర్వాత మరో గెస్ట్‌ను లాన్‌లో చేర్చడం సులభం. అందుకే ఈ మార్గదర్శి బ్రిడ్జ్‌తోనే సాగుతుంది. పాస్‌త్రూకు మీ యంత్రం ఒప్పుకుంటే వాన్ పోర్టును పాస్‌త్రూగా ఇచ్చి, లాన్‌ను మాత్రం బ్రిడ్జ్‌గా ఉంచడం ఇంకా మంచి ఏర్పాటు.

ఇంటర్నెట్ ఉండగానే దించుకోవలసినవి

వైరింగ్ మార్చిన క్షణం నుంచి ఫైర్‌వాల్ లేచేదాకా హోస్ట్‌కు ఇంటర్నెట్ ఉండదు. కాబట్టి కావలసినవన్నీ ముందే తెచ్చుకోండి. హోస్ట్ మీద క్యూఈఎంయూ, లిబ్‌విర్ట్ డేమన్, బ్రిడ్జ్-యుటిల్స్, ఈథ్‌టూల్, టీసీపీడంప్ ప్యాకేజీలు వేసుకోవాలి. వర్చువల్ మెషిన్ మేనేజర్‌ను హోస్ట్ మీదే వేయనక్కర్లేదు. మీ లినక్స్ ల్యాప్‌టాప్‌లో వేసుకుని ఎస్‌ఎస్‌హెచ్ (దూరం నుంచి లాగిన్ అయ్యే పద్ధతి) మీదుగా హోస్ట్‌కు కలవవచ్చు. మీ యూజర్‌ను లిబ్‌విర్ట్ గ్రూపులో చేర్చడం మరవకండి.

ఓపీఎన్‌సెన్స్ ఇమేజ్ నాలుగు రకాలుగా దొరుకుతుంది: డీవీడీ, వీజీఏ, సీరియల్, నానో. వర్చువల్ మెషిన్‌కు డీవీడీ రకం ఐఎస్ఓ కావాలి. అది బీజిప్2తో కుదించి ఉంటుంది, విప్పాకే వాడాలి. దించిన ఫైలుకు ఎస్‌హెచ్‌ఏ-256 మొత్తాన్ని (ఫైలు మారలేదని తేల్చే సంఖ్యను) లెక్కగట్టి, ప్రాజెక్టు ప్రకటించిన దానితో అక్షరం అక్షరం పోల్చండి. ఈ మొత్తం కుదించిన ఫైలుకు సంబంధించినదని గుర్తుంచుకోండి, విప్పాక లెక్కిస్తే సరిపోలదు. ఇమేజ్‌ను ఒక మిర్రర్ (నకలు సర్వర్) నుంచి, మొత్తాన్ని మరో చోటి నుంచి తెచ్చుకుంటేనే ఈ పోలికకు విలువ ఉంటుంది, ఎందుకంటే మిర్రర్‌లో ఫైలును మార్చగలిగినవాడు పక్కనే ఉన్న మొత్తాన్నీ మార్చగలడు.

రెండు బ్రిడ్జ్‌లు కట్టడం

ఇక్కడి నుంచి పనిని ఎస్‌ఎస్‌హెచ్ మీద కాకుండా హోస్ట్‌కు తగిలించిన మానిటర్, కీబోర్డు దగ్గర కూర్చుని చేయండి. ఒక్క లైను తప్పినా దూరం నుంచి మళ్లీ చేరుకునే దారి ఉండదు.

డెబియన్‌లో ఎట్సీ డైరెక్టరీ కింద నెట్‌వర్క్ ఫోల్డర్‌లో ఇంటర్‌ఫేసెస్ అనే ఫైలు ఉంటుంది. ముందు దాని నకలు ఒకటి తీసి పక్కన పెట్టండి. రెండు భౌతిక పోర్టులకూ అందులో ఐపీ అడ్రస్ లేకుండా మాన్యువల్ పద్ధతి రాయాలి. ఆ తర్వాత రెండు బ్రిడ్జ్‌లు: వాన్ పోర్టు మాత్రమే సభ్యుడిగా ఉండే బీఆర్-వాన్, లాన్ పోర్టు మాత్రమే సభ్యుడిగా ఉండే బీఆర్-లాన్. రెంటికీ ఎస్‌టీపీ (బ్రిడ్జ్‌ల మధ్య లూప్‌లను ఆపే పద్ధతి) ఆఫ్ చేసి, ఫార్వర్డ్ డిలేను 0గా పెట్టాలి. ఎస్‌టీపీ నడిస్తే హోస్ట్ తన సొంత ఫ్రేములను సర్వీస్ ప్రొవైడర్ వైపు పంపుతుంది. డిలే ఉంటే బ్రిడ్జ్ లేచిన ప్రతిసారీ కొన్ని సెకన్లు ప్యాకెట్లు కదలవు.

బీఆర్-లాన్‌కు స్థిరమైన అడ్రస్ ఇవ్వాలి. ఉదాహరణకు 192.168.50.2/24, గేట్‌వే 192.168.50.1, డీఎన్ఎస్ (పేర్లను అడ్రసులుగా మార్చే సేవ) కూడా 192.168.50.1. ఆ గేట్‌వే ఇంకా పుట్టని మన ఫైర్‌వాల్ గెస్ట్‌దే. ఇక్కడ 192.168.1.0/24ను కావాలనే వదిలేశాను, ఎందుకంటే ప్రొవైడర్లు ఇచ్చే రౌటర్లలో చాలావాటి లోపలి అడ్రస్ 192.168.1.1, ఓపీఎన్‌సెన్స్ లాన్‌కు మొదటగా ఉండే అడ్రస్ కూడా 192.168.1.1. వాన్, లాన్ రెండూ ఒకే శ్రేణిలో పడితే ఫైర్‌వాల్‌కు ఏ ప్యాకెట్‌ను ఎటు పంపాలో తెలియదు.

బీఆర్-వాన్‌కు ఏ అడ్రసూ ఇవ్వకూడదు. దానికీ మాన్యువల్ అని రాస్తే ఐపీవీ4 సంగతి తీరిపోతుంది. ఐపీవీ6 సంగతి అలా కాదు, ఎక్కువ మంది ఇక్కడే పొరబడతారు. లినక్స్ కెర్నల్ తన సాధారణ అమరికల్లో, లేచిన ప్రతి ఇంటర్‌ఫేస్‌కూ ఒక లింక్-లోకల్ (ఆ కేబుల్ వరకే చెల్లే) ఐపీవీ6 అడ్రస్‌ను తనంతట తానే ఇచ్చుకుంటుంది. అంతటితో ఆగదు, ప్రొవైడర్ రౌటర్ నుంచి రౌటర్ అడ్వర్టైజ్‌మెంట్ (అడ్రస్ శ్రేణి ప్రకటన) వస్తే దాన్ని నమ్మి, బహిరంగ ఇంటర్నెట్‌లో చెల్లుబాటయ్యే అడ్రస్‌ను కూడా తయారుచేసుకుంటుంది. అంటే మీరు ఫైర్‌వాల్ నియమాలు ఎంత జాగ్రత్తగా రాసినా, హోస్ట్ మీది ఎస్‌ఎస్‌హెచ్ పోర్టు ఐపీవీ6 మీదుగా నేరుగా లోకానికి తెరిచి ఉండవచ్చు. నేను మొదటిసారి ఇలాంటి ఏర్పాటు చేసినప్పుడు దాదాపు నెల తర్వాత గానీ దీన్ని గమనించలేదు. అప్పటి నుంచి వాన్ బ్రిడ్జ్ కట్టగానే ముందు చూసేది దీన్నే.

నివారణ చిన్నదే. బీఆర్-వాన్‌కూ, దానిలో సభ్యుడైన భౌతిక పోర్టుకూ డిజేబుల్-ఐపీవీ6 అనే కెర్నల్ అమరికను 1గా పెట్టాలి. కెర్నల్ అమరికల సిస్‌సీటీఎల్ ఫైలులో మాత్రమే రాస్తే బూట్ సమయంలో బ్రిడ్జ్ ఇంకా పుట్టకముందే ఆ లైను నడిచిపోయి వృథా కావచ్చు. అందుకే ఇంటర్‌ఫేసెస్ ఫైలులోనే ఆ పోర్టు కింద ప్రీ-అప్ లైనుగా, బ్రిడ్జ్ కింద పోస్ట్-అప్ లైనుగా కూడా రాయడం నాకు నమ్మకమైన పద్ధతి. రీబూట్ చేశాక ఐపీ అడ్రస్ షో కమాండ్‌తో చూడండి. బీఆర్-వాన్ కింద మ్యాక్ అడ్రస్ ఒక్కటే కనిపించాలి. ఇనెట్, ఇనెట్6 అనే మాటలతో మొదలయ్యే లైను ఒక్కటి కూడా ఉండకూడదు.

హోస్ట్‌ను రౌటర్ కానివ్వకండి

లిబ్‌విర్ట్ ఇన్‌స్టాల్ అయినప్పుడు డిఫాల్ట్ అనే పేరుతో 192.168.122.0/24 శ్రేణిలో ఒక నెట్‌వర్క్ వస్తుంది. అది మొదలైతే లిబ్‌విర్ట్ హోస్ట్‌లో ఐపీ ఫార్వర్డింగ్‌ను (ప్యాకెట్లను ఒక నెట్‌వర్క్ నుంచి మరోదానికి దాటించడం) ఆన్ చేసి, అడ్రస్ మార్పిడి (నాట్) నియమాలు కూడా పెడుతుంది. డెస్క్‌టాప్‌లో అది సౌకర్యం. ఇక్కడ మాత్రం హోస్ట్ ఫైర్‌వాల్‌కు పక్కదారి అయ్యే అవకాశం. ఆ నెట్‌వర్క్‌ను ఆపి, ఆటోస్టార్ట్ కూడా తీసేసి, ఐపీ ఫార్వర్డింగ్ 0గా ఉందని నిర్ధారించుకోండి.

ఇదే కారణంగా ఈ హోస్ట్ మీద డాకర్ (కంటైనర్లను నడిపే సాఫ్ట్‌వేర్) పెట్టవద్దని నా గట్టి సలహా. డాకర్ వచ్చాక బీఆర్-నెట్‌ఫిల్టర్ అనే కెర్నల్ మాడ్యూల్ లోడ్ కావచ్చు, అప్పుడు బ్రిడ్జ్ మీద వెళ్లే ఫ్రేములు కూడా హోస్ట్ ఐపీటేబుల్స్ (ప్యాకెట్ వడపోత) నియమాల గుండా వెళ్లడం మొదలవుతుంది, డాకర్ ఫార్వర్డ్ చెయిన్ విధానాన్ని డ్రాప్‌గా (పారేసేలా) మార్చవచ్చు. ఫలితంగా నిన్నటిదాకా బాగా నడిచిన ఫైర్‌వాల్ గెస్ట్‌కు హఠాత్తుగా ఒక్క ప్యాకెట్ కూడా రాదు, కారణం గెస్ట్‌లో ఎంత వెతికినా దొరకదు. కంటైనర్లు కావాలంటే వాటికి లాన్‌లో వేరే గెస్ట్ పెట్టండి. ఆ మాడ్యూల్ ఇప్పటికే లోడ్ అయి ఉంటే, బ్రిడ్జ్-ఎన్ఎఫ్-కాల్-ఐపీటేబుల్స్ అమరికను, ఐపీవీ6కు చెందిన దాని జోడీని 0గా పెట్టాలి.

వర్చువల్ మెషిన్ తయారీ

ల్యాప్‌టాప్‌ను లాన్ స్విచ్‌కు కలిపి, దానికి తాత్కాలికంగా 192.168.50.10 అడ్రస్ ఇవ్వండి. అడ్రసులు పంచే డీహెచ్‌సీపీ సర్వర్ ఇంకా లేదు కదా. వాన్ కేబుల్‌ను ఇప్పుడే తగిలించకండి. వర్చువల్ మెషిన్ మేనేజర్‌లో హోస్ట్‌కు కనెక్ట్ అయి కొత్త మెషిన్ మొదలుపెట్టి, విప్పిన ఐఎస్ఓను ఎంచుకుని, ఆపరేటింగ్ సిస్టమ్ రకంగా ఫ్రీబీఎస్‌డీని చూపండి. మెమరీ 4 జీబీ, వర్చువల్ సీపీయూలు 2, డిస్క్ 40 జీబీ. ఆఖరి పేజీలో ఇన్‌స్టలేషన్‌కు ముందు అమరికలు మార్చుకునే గడిని తప్పక టిక్ చేయండి, ఎందుకంటే అసలు నిర్ణయాలు ఆ తర్వాతి తెరలోనే ఉన్నాయి.

చిప్‌సెట్ క్యూ35 చాలు. ఫర్మ్‌వేర్‌గా బయాస్ అయినా యూఈఎఫ్ఐ అయినా పని చేస్తుంది. యూఈఎఫ్ఐ ఎంచుకుంటే సెక్యూర్ బూట్ లేని రకాన్ని తీసుకోండి, లేకపోతే ఇన్‌స్టాలర్ బూట్ కాదు. సీపీయూ మోడల్‌ను హోస్ట్-పాస్‌త్రూగా పెట్టండి. సాధారణ మోడల్ వదిలేస్తే ప్రాసెసర్‌లోని ఏఈఎస్ (ఎన్‌క్రిప్షన్) సూచనలు గెస్ట్‌కు కనిపించకపోవచ్చు, అప్పుడు వీపీఎన్ పద్ధతులైన ఐపీసెక్, ఓపెన్‌వీపీఎన్‌ల వేగం బాగా పడిపోతుంది. వైర్‌గార్డ్ వేరే సైఫర్ వాడుతుంది కాబట్టి దానికి ఈ ఇబ్బంది లేదు. మెమరీ బెలూనింగ్ పెట్టవద్దు. ఫైర్‌వాల్ తన కనెక్షన్ల పట్టికను మెమరీలోనే ఉంచుకుంటుంది, దాన్ని మధ్యలో కుదించడం మంచిది కాదు.

డిస్క్‌కు వర్ట్‌ఐఓ బస్, క్యాష్ మోడ్ నన్. డిస్క్ ఫైలు హోస్ట్ సొంత డిస్క్ మీదే ఉండాలి. నెట్‌వర్క్ స్టోరేజ్ మీద పెడితే, ఆ స్టోరేజ్‌కు చేరడానికి ఫైర్‌వాల్ కావాలి, ఫైర్‌వాల్ లేవడానికి ఆ స్టోరేజ్ కావాలి అనే చిక్కులో పడే ప్రమాదం ఉంది.

నెట్‌వర్క్ కార్డులు రెండు చేర్చాలి, రెండూ వర్ట్‌ఐఓ మోడల్. ఒకదాన్ని బీఆర్-వాన్‌కు, మరొకదాన్ని బీఆర్-లాన్‌కు బ్రిడ్జ్ డివైస్‌గా పేరు రాసి కలపండి. మ్యాక్ అడ్రసులను దానికే వదిలేయకుండా మీరే ఇవ్వండి. కేవీఎం గెస్ట్‌ల అడ్రసులు మామూలుగా 52:54:00తో మొదలవుతాయి. వాన్‌కు 52:54:00:10:00:01, లాన్‌కు 52:54:00:10:00:02 అని పెట్టుకుంటే ఇన్‌స్టాలర్‌లో ఏది ఏదో తికమక ఉండదు. ఒకే లాన్‌లో రెండు గెస్ట్‌లకు ఒకే అడ్రస్ పడకుండా చూసుకుంటే చాలు. చివరిగా సీరియల్ కన్సోల్ పరికరం ఉందో లేదో చూసి, లేకపోతే చేర్చండి.

ఇన్‌స్టలేషన్, కన్సోల్‌లో మొదటి అమరికలు

మెషిన్ ఆన్ చేశాక లైవ్ వ్యవస్థ లేస్తుంది. లాగిన్ దగ్గర యూజర్ పేరు ఇన్‌స్టాలర్, పాస్‌వర్డ్ ఓపీఎన్‌సెన్స్, రెండూ ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లో. కీబోర్డు అమరిక తర్వాత ఫైల్ సిస్టమ్ అడుగుతుంది: జెడ్‌ఎఫ్‌ఎస్ లేదా యూఎఫ్‌ఎస్. నేను జెడ్‌ఎఫ్‌ఎస్ ఎంచుకుంటాను. హఠాత్తుగా కరెంటు పోయినప్పుడు అది తట్టుకుని లేచే తీరు మెరుగు, పైగా 24.7 వెర్షన్ నుంచి వెబ్ తెరలోనే స్నాప్‌షాట్ తీసుకుని, అప్‌డేట్ చెడితే వెనక్కి వెళ్లవచ్చు. డిస్క్ ఒక్కటే కాబట్టి స్ట్రైప్ రకం ఎంచుకుని, డిస్క్ పేరు మీద స్పేస్ బార్ నొక్కి గుర్తు పెట్టాలి. గుర్తు పెట్టకుండా ఎంటర్ కొడితే ముందుకు కదలదు. కాపీ పూర్తయ్యాక రూట్ పాస్‌వర్డ్‌ను అక్కడే మార్చి, రీబూట్ అయ్యేటప్పుడు ఐఎస్ఓను వర్చువల్ డ్రైవ్ నుంచి తీసేయండి.

రీబూట్ తర్వాత రూట్‌గా లాగిన్ అయితే కన్సోల్ మెనూ వస్తుంది. అందులో 1వ ఎంపిక ఇంటర్‌ఫేసుల కేటాయింపు. ఎల్ఏజీజీ (పోర్టులను జోడించడం), వీలాన్ (ఒక నెట్‌వర్క్‌ను భాగాలు చేయడం) ప్రశ్నలకు వద్దని చెప్పండి. వీటీనెట్0, వీటీనెట్1 అనే పేర్ల పక్కనే మ్యాక్ అడ్రసులు కనిపిస్తాయి. చివర 01 ఉన్నది వాన్, 02 ఉన్నది లాన్. క్రమసంఖ్యను నమ్మకండి, మ్యాక్‌ను నమ్మండి. తర్వాత 2వ ఎంపికతో లాన్ అడ్రస్‌ను 192.168.50.1గా, మాస్క్‌ను 24గా మార్చండి. లాన్‌కు గేట్‌వే అడిగితే ఖాళీగా ఎంటర్ కొట్టాలి, అక్కడ అడ్రస్ ఇస్తే ఆ ఇంటర్‌ఫేస్‌ను అది వాన్‌గా భావిస్తుంది. డీహెచ్‌సీపీ సర్వర్ కావాలని చెప్పి 192.168.50.100 నుంచి 192.168.50.200 దాకా ఇస్తే, హోస్ట్‌కు ఇచ్చిన .2 అడ్రస్ ఆ పరిధికి బయట ఉంటుంది. వెబ్ తెరను హెచ్‌టీటీపీఎస్ నుంచి హెచ్‌టీటీపీకి మార్చమంటారా అని అడిగితే వద్దనండి.

ఇప్పుడు ల్యాప్‌టాప్ బ్రౌజర్‌లో హెచ్‌టీటీపీఎస్‌తో 192.168.50.1 తెరవండి. సర్టిఫికెట్ స్వయంగా సంతకం చేసుకున్నది కాబట్టి హెచ్చరిక వస్తుంది, అది సహజం. విజార్డ్‌లో టైమ్‌జోన్ ఆసియా/కోల్‌కతా పెట్టండి; లాగ్‌లలోని సమయం తప్పయితే ఏ ఘటన ఎప్పుడు జరిగిందో తేల్చలేరు. మొదటి నియమాలు సురక్షితంగానే ఉంటాయి: వాన్ నుంచి లోపలికి వచ్చే కొత్త కనెక్షన్ ఏదైనా నిరాకరణ, లాన్ నుంచి బయటికి అన్నిటికీ అనుమతి.

చెక్‌సమ్ చిక్కు

వాన్ కేబుల్ తగిలించాక ఒక వింత పరిస్థితి ఎదురుకావచ్చు. లాన్‌లోని ల్యాప్‌టాప్‌లు ఇంటర్నెట్‌ను బాగానే వాడతాయి. హోస్ట్ నుంచి బయటి అడ్రస్‌కు పింగ్ కూడా వెళ్తుంది. కానీ హోస్ట్ నుంచి ఒక్క వెబ్ పేజీ తెరుచుకోదు, ప్యాకేజీల అప్‌డేట్ ముందుకు సాగదు; అదే హోస్ట్ మీది ఇతర గెస్ట్‌లదీ అదే పరిస్థితి. ఈ లక్షణాల కలయికను చూసిన వెంటనే చెక్‌సమ్ ఆఫ్‌లోడ్‌ను అనుమానించండి.

జరిగేది ఇది. ప్యాకెట్‌కు టీసీపీ చెక్‌సమ్ (తప్పులు పట్టే సంఖ్య) లెక్కగట్టే పనిని కెర్నల్ ఆఖరున నెట్‌వర్క్ కార్డుకు వదిలేస్తుంది. హోస్ట్ నుంచి గెస్ట్‌కు వెళ్లే ప్యాకెట్ అసలు ఏ భౌతిక కార్డునూ దాటదు కాబట్టి చెక్‌సమ్ సగం లెక్కతోనే గెస్ట్‌కు చేరుతుంది. గెస్ట్ ఆ ప్యాకెట్‌ను తానే వాడుకుంటే ఇబ్బంది లేదు. కానీ ఫైర్‌వాల్ దాని అడ్రస్ మార్చి వాన్ వైపు పంపినప్పుడు ఆ తప్పు చెక్‌సమ్ అలాగే బయటికి పోతుంది, అవతలి సర్వర్ దాన్ని నిశ్శబ్దంగా పారేస్తుంది. ల్యాప్‌టాప్ ప్యాకెట్లు నిజమైన వైరు మీదుగా పూర్తి చెక్‌సమ్‌తో వస్తాయి, పింగ్ చెక్‌సమ్‌ను సాఫ్ట్‌వేరే లెక్కిస్తుంది. అందుకే అవి రెండూ బాగానే నడుస్తాయి.

పరిష్కారం ఓపీఎన్‌సెన్స్ వెబ్ తెరలో ఇంటర్‌ఫేసెస్ మెనూ కింద సెటింగ్స్ పేజీలో ఉంది. హార్డ్‌వేర్ సీఆర్‌సీ (చెక్‌సమ్ లెక్క), టీఎస్ఓ (ప్యాకెట్లను ముక్కలు చేయడం), ఎల్‌ఆర్ఓ (వాటిని కలపడం) మూడింటినీ డిజేబుల్ చేసే గడులు టిక్ అయి ఉండాలి. మార్చాక గెస్ట్‌ను రీబూట్ చేయాలి. పీఎఫ్‌సెన్స్‌లో ఇవే గడులు సిస్టమ్ మెనూ, అడ్వాన్స్‌డ్, నెట్‌వర్కింగ్ పేజీలో ఉంటాయి. అయినా సమస్య పోకపోతే లిబ్‌విర్ట్ ఎక్స్ఎంఎల్‌లో ఆ రెండు కార్డుల డ్రైవర్ విభాగంలో గెస్ట్, హోస్ట్ రెంటి సీసమ్ (చెక్‌సమ్) విలువలనూ ఆఫ్ అని రాసి, మెషిన్‌ను పూర్తిగా ఆపి మళ్లీ మొదలుపెట్టండి.

ప్రొవైడర్ వైపు

వాన్ కనెక్షన్ రకం మీ ప్రొవైడర్‌ను బట్టి ఉంటుంది. ఓఎన్‌టీ (ప్రొవైడర్ పెట్టిన ఫైబర్ పెట్టె) బ్రిడ్జ్ మోడ్‌లో, అంటే ఇంటర్నెట్‌ను నేరుగా అందించే స్థితిలో, ఉండి యూజర్ పేరు, పాస్‌వర్డ్ అడిగే రకమైతే వాన్‌ను పీపీపీఓఈగా (లాగిన్‌తో కలిసే పద్ధతి) మార్చాలి. పీపీపీఓఈ తన సొంత హెడర్‌కు 8 బైట్లు తీసుకుంటుంది కాబట్టి ఎంటీయూ (ఒక ప్యాకెట్ గరిష్ఠ పరిమాణం) 1500 బదులు 1492 అవుతుంది, ఐపీవీ4కు ఎంఎస్ఎస్ (అందులో టీసీపీ డేటా గరిష్ఠ పరిమాణం) 1452. కొన్ని సైట్లు తెరుచుకుంటూ కొన్ని సగంలో ఆగిపోతుంటే ముందు ఈ అంకెలు చూడండి. పీపీపీఓఈ పని ఎక్కువగా ఒకే కోర్ మీద పడుతుంది. వేగం సరిపోకపోతే కోర్లు పెంచడం కంటే వేగమైన కోర్ ఉన్న ప్రాసెసర్ ఉపయోగం.

ఓఎన్‌టీ రౌటర్‌గానే ఉంటే వాన్ డీహెచ్‌సీపీలో ఉండి ఒక ప్రైవేటు అడ్రస్ వస్తుంది. జియోఫైబర్ రౌటర్ వెనుక అయితే అది 192.168.29 శ్రేణిలో ఉంటుంది. రెండుసార్లు అడ్రస్ మార్పిడి జరుగుతుంది గానీ మామూలు వాడకానికి అడ్డం కాదు. కేబుల్ మార్చిన తర్వాత అడ్రస్ రాకపోతే ఓఎన్‌టీని ఒకసారి ఆపి ఆన్ చేయండి. కొన్ని చోట్ల అది మొదట చూసిన మ్యాక్ అడ్రస్‌నే గుర్తుపెట్టుకుంటుంది.

వాన్ అడ్రస్ 100.64 నుంచి 100.127 లోపు మొదలైతే మీరు క్యారియర్ గ్రేడ్ నాట్ (ఒకే బహిరంగ అడ్రస్‌ను ప్రొవైడర్ చాలామందికి పంచడం) వెనుక ఉన్నారని అర్థం. అప్పుడు బయటి నుంచి ఇంటికి వీపీఎన్ వేసుకుందామని ఫైర్‌వాల్‌లో ఎన్ని పోర్టులు తెరిచినా ఫలితం ఉండదు, ఎందుకంటే బహిరంగ అడ్రస్ ఉన్నది ప్రొవైడర్ యంత్రం మీద. స్టాటిక్ ఐపీ కోరడం, లేదా ఐపీవీ6 వాడటం, లేదా బయట అద్దెకు తీసుకున్న సర్వర్‌కు లోపలి నుంచే టన్నెల్ వేయడం మాత్రమే మార్గాలు.

బూట్, షట్‌డౌన్, బ్యాకప్

గెస్ట్‌కు ఆటోస్టార్ట్ పెట్టండి. షట్‌డౌన్ విషయంలో లిబ్‌విర్ట్-గెస్ట్స్ అనే సేవ అమరికలో, హోస్ట్ ఆగేటప్పుడు గెస్ట్‌ను సస్పెండ్ కాకుండా షట్‌డౌన్ చేయాలని ఉండేలా చూడండి. సస్పెండ్ అయిన ఫైర్‌వాల్ పాత గడియారంతో, చచ్చిపోయిన కనెక్షన్ల పట్టికతో మేలుకుంటుంది. యూపీఎస్ ఉంటే దాన్ని హోస్ట్‌కే కాక ఓఎన్‌టీకి, స్విచ్‌కు కూడా ఇవ్వాలి. ఓపీఎన్‌సెన్స్‌లో క్యూఈఎంయూ గెస్ట్ ఏజెంట్ ప్లగిన్ వేస్తే లోపలి స్థితి హోస్ట్‌కు తెలుస్తుంది.

అమరికలన్నీ ఒకే ఎక్స్ఎంఎల్ ఫైలులో ఉంటాయి. సిస్టమ్ మెనూలో కాన్ఫిగరేషన్, బ్యాకప్స్ పేజీ నుంచి దాన్ని ఎన్‌క్రిప్ట్ చేసి దించుకుని, ఈ హోస్ట్ మీద కాకుండా మరో చోట దాచండి. లిబ్‌విర్ట్ ఎక్స్ఎంఎల్‌ను, ఇంటర్‌ఫేసెస్ ఫైలును కూడా దానితోపాటే ఉంచండి. ఈ మూడు ఫైళ్లు, ఒక ఐఎస్ఓ ఉంటే హోస్ట్ కాలిపోయినా మరో యంత్రం మీద గంటలో తిరిగి లేపవచ్చు.

హోస్ట్ మీద రూట్ అధికారం దొరికినవాడికి ఫైర్‌వాల్ మెమరీ, డిస్క్ రెండూ తెరిచిన పుస్తకమే. అందువల్ల హోస్ట్ ఎస్‌ఎస్‌హెచ్‌ను పాస్‌వర్డ్‌తో కాక కీతో మాత్రమే అనుమతించి, లినక్స్ సొంత వడపోత అయిన ఎన్ఎఫ్‌టేబుల్స్‌తో నిర్వాహకుడి కంప్యూటర్ అడ్రస్‌కు పరిమితం చేయండి. హోస్ట్ మీద వేరే సేవలు ఏవీ నడపకండి.

పరీక్షలు

పని అయిందని చెప్పుకునే ముందు మూడు పరీక్షలు చేయాలి.

మొదటిది బయటి నుంచి. మొబైల్ డేటా మీద ఉన్న మరో కంప్యూటర్ నుంచి మీ బహిరంగ అడ్రస్‌ను, తెరిచిన పోర్టులను వెతికే ఎన్‌మ్యాప్‌తో స్కాన్ చేయండి. ఐపీవీ4తో పాటు ఐపీవీ6 అడ్రస్‌ను కూడా విడిగా స్కాన్ చేయాలి. మీరు కావాలని తెరిచినవి తప్ప ఒక్క పోర్టు కూడా జవాబు ఇవ్వకూడదు. మీరు క్యారియర్ గ్రేడ్ నాట్ వెనుక గానీ, రౌటర్‌గా నడిచే ఓఎన్‌టీ వెనుక గానీ ఉంటే ఐపీవీ4 స్కాన్ తాకేది ఆ యంత్రాలనే కాబట్టి, ఆ ఫలితాన్ని మీ ఫైర్‌వాల్ గొప్పగా తీసుకోవద్దు.

రెండోది హోస్ట్ మీద. వాన్ భౌతిక పోర్టు మీద టీసీపీడంప్‌ను మ్యాక్ అడ్రసులు చూపించేలా ఒక పది నిమిషాలు నడిపి, మధ్యలో హోస్ట్ వాన్ కేబుల్‌ను ఒకసారి తీసి మళ్లీ పెట్టండి. మన వైపు నుంచి బయటికి వెళ్లే ప్రతి ఫ్రేముకూ పంపినవారి మ్యాక్ 52:54:00:10:00:01 మాత్రమే కావాలి. హోస్ట్ కార్డు సొంత మ్యాక్‌తో ఒక్క ఫ్రేము వెళ్లినా, ఎస్‌టీపీనో, ఐపీవీ6నో, పొరుగు పరికరాలకు తనను చెప్పుకునే ఎల్ఎల్‌డీపీ వంటి మరో సేవో ఇంకా మాట్లాడుతోందని అర్థం. అది ఆగేదాకా వెతకండి.

మూడోది అన్నిటికంటే సులువైనది, అన్నిటికంటే ఎక్కువ చెప్పేది. లాన్‌లోని ఒక ల్యాప్‌టాప్ నుంచి బయటి అడ్రస్‌కు ఆగకుండా పింగ్ పెట్టి, హోస్ట్ కన్సోల్ నుంచి ఫైర్‌వాల్ గెస్ట్‌ను ఆపేయండి. ఆ క్షణమే పింగ్ ఆగిపోవాలి. ల్యాప్‌టాప్‌కు గానీ, హోస్ట్‌కు గానీ, ఇతర గెస్ట్‌లకు గానీ ఇంటర్నెట్ ఏ మూల నుంచీ రాకూడదు. అదే సమయంలో ల్యాప్‌టాప్ నుంచి 192.168.50.2 మీద హోస్ట్‌కు ఎస్‌ఎస్‌హెచ్ మాత్రం పని చేయాలి, ఎందుకంటే ఫైర్‌వాల్ చెడిన రోజున మీరు బాగుచేయడానికి వెళ్లే దారి అదే. రెండూ సరిగ్గా ఉంటే గెస్ట్‌ను మళ్లీ ఆన్ చేయండి. పింగ్ తిరిగి మొదలయ్యాక హోస్ట్‌ను ఒకసారి పూర్తిగా రీబూట్ చేసి, మీరు ఏమీ ముట్టుకోకుండానే ఇంటర్నెట్ తిరిగి రావడానికి ఎన్ని నిమిషాలు పట్టిందో రాసి, ఆ కాగితాన్ని హోస్ట్ మీదే అంటించండి.